సూరత్ నేర్పిన పాఠంలో మిగిలిన సగం

1994 సెప్టెంబర్‌లో సూరత్ నగరాన్ని ప్లేగు కంటే ముందు భయం కబళించింది. తపతీ వరద తీసీ తీయకముందే న్యుమోనియా లక్షణాలతో రోగులు ఆసుపత్రులకు చేరసాగారు. లక్షలాది జనం ఊరు విడిచారు. వజ్రాల సానలు, మరమగ్గాలు మూగబోయాయి. తెలంగాణ నుంచి వలస వెళ్ళిన నేత కుటుంబాలెన్నో ఆ మగ్గాలనే నమ్ముకుని జీవిస్తున్నాయి. కొన్ని దేశాలు విమాన రాకపోకలను సైతం నిలిపివేశాయి. దేశంలో లెక్కతేలిన మరణాలు 56 కాగా, వాణిజ్యానికి కలిగిన నష్టం అపారం.

సోకినది ప్లేగేనా అన్న వివాదం వ్యాధి తగ్గిన తర్వాత కూడా కొనసాగడం విచారకరం. శ్రీకాకుళంలో జన్మించిన ప్రఖ్యాత వైద్య శాస్త్రవేత్త వులిమిరి రామలింగస్వామి అధ్యక్షతన కేంద్రం నియమించిన సంఘం అది ప్లేగేనని నిర్ధారించింది. హైదరాబాద్‌లోని సీసీఎంబీ శాస్త్రవేత్తలు జన్యు పరీక్షల ద్వారా అదే విషయాన్ని ధ్రువపరుస్తూ ఫలితాలను ప్రచురించినది 2000లో.

రోగకారకాన్ని గుర్తించడంతోనే పని ముగియదు. అది ఊపిరితిత్తులను ఎలా దెబ్బతీస్తుందో, ఏ టీకా అడ్డుకోగలదో తేల్చడానికి తగిన ప్రయోగ జంతువు అవసరం. బుగ్గల సంచుల్లో గింజలు దాచుకునే ఎలుకవంటి చిన్న ప్రాణి హాంస్టర్ ఈ రంగంలో కొత్తది కాదు. న్యుమోనియా కారక సూక్ష్మజీవుల రకాలను గుర్తించేందుకు 1919లోనే పెకింగ్‌లో దీనిని వినియోగించారు. 2020లో కరోనా తొలి వైరస్ మామూలు చిట్టెలుకలకు సోకలేదు. హాంస్టర్లకు మాత్రం సోకి, మనుషులకు వచ్చే న్యుమోనియా వంటి దానినే కలిగించింది. పుణెలోని జాతీయ వైరాలజీ సంస్థ, హైదరాబాద్‌కు చెందిన భారత్ బయోటెక్ రూపొందించిన కోవాగ్జిన్‌ను సిరియా హాంస్టర్లపై పరీక్షించగా, టీకా పొందిన వాటి ఊపిరితిత్తులకు చాలావరకు రక్షణ లభించింది.

పుణె సంస్థలో అత్యున్నత భద్రత గల ప్రయోగశాల 2012 నాటికే ఏర్పాటయి ఉండటం ఇక్కడ గమనార్హం. ఇటువంటి ప్రయోగశాలలు, ఆరోగ్యవంతమైన జంతువులు, వాటిని పోషించే నిపుణులు ఆపద వచ్చిన నాడు ఆదేశిస్తే సమకూరేవి కావు. అంటువ్యాధి లేని సంవత్సరాలలో ఈ పద్దులకు కోత పెట్టడం పొదుపు అనిపించుకోదు.

హాంస్టర్ మనిషి కాదు. దానిలో కనిపించిన ఫలితం మనిషిలోనూ కనిపించి తీరుతుందని చెప్పలేము. మూగజీవాల ప్రాణానికీ విలువ ఉన్నది కనుక, 1960 నాటి జంతు హింస నివారణ చట్టానికి లోబడి, తప్పనిసరి అయినప్పుడే ఈ ప్రయోగాలు జరగాలి.

1995 నుంచి మునిసిపల్ కమిషనర్ ఎస్.ఆర్. రావు చేపట్టిన పారిశుద్ధ్య సంస్కరణలతో సూరత్ రూపురేఖలు మారాయి. పాఠంలో సగాన్ని ఆ నగరం నేర్చుకున్నది. ప్రయోగశాలలను నిరంతరం సన్నద్ధంగా ఉంచడమనే మిగిలిన సగం దేశం నేర్చుకోవలసినది. ఇల్లు కాలుతున్నప్పుడు బావి తవ్వే అలవాటును పాలకులు ఇకనైనా విడనాడాలి.