సాక్షి మాట కోర్టు గుమ్మంలో ఆగిపోకూడదు

చుండూరు కేసులో ముద్దాయిలందరినీ 2014 ఏప్రిల్ 22న హైకోర్టు విడుదల చేసింది. హత్యలు ఎన్ని గంటలకు, ఎక్కడ జరిగాయో, ఎవరు చేశారో ప్రాసిక్యూషన్ రుజువు చేయలేకపోయిందన్నది. 1991 ఆగస్టు 6న ఎనిమిది మంది దళితులను తరిమి నరికిన ఘటన అది. ఊళ్లోనే ప్రత్యేక కోర్టు పెట్టి, 2007లో 21 మందికి యావజ్జీవం వేసిన కేసు. ప్రాణభయంతో పొలాలకు అడ్డంపడి పరిగెత్తేవాళ్లకు టైము ఎంతయిందో ఎలా తెలుస్తుంది? చట్టానికి ఆ లెక్క కావాలి, కాదనలేం. మరి చట్టం వద్దన్న సాక్ష్యం ఎక్కడికి పోవాలి?

ఇక్కడే డాక్యుమెంటరీకి పని ఉంది. ఆ పని ఎలా చేయాలో దర్శకురాలు దీపా ధన్‌రాజ్ నాలుగు దశాబ్దాలుగా చేసి చూపిస్తున్నారు. 1980లో మిత్రులతో కలిసి యుగాంతర్ చిత్ర బృందాన్ని కట్టారు. హైదరాబాద్ స్త్రీశక్తి సంఘటనతో కలిసి 1983లో తెలుగులోనే 'ఇది కథ మాత్రమేనా' తీశారు. ఇంట్లో భార్య పడే హింసను ఇంటి గుట్టుగా దాచడం కుదరదని చెప్పిన చిత్రమది. 1984 నాటి హైదరాబాద్ మతకల్లోలాలపై 'క్యా హువా ఇస్ షహర్ కో' వచ్చింది. గుంటూరు బిడ్డ, పరిశోధక విద్యార్థి రోహిత్ వేముల మరణం తర్వాత లేచిన విద్యార్థి ఉద్యమాన్ని 2018 నాటి చిత్రంలో చూపించారు. హాస్టల్ నుంచి గెంటేస్తే విశ్వవిద్యాలయంలోనే 'వెలివాడ' వేసుకున్న పిల్లల కథ అది. అందులో రోహిత్ తల్లి రాధిక కన్నీళ్లొక్కటే చూపించి ఊరుకోలేదు. బాధితులు ఏడ్చేదాకా కెమెరా తిప్పుతూ నిలబడే ధోరణి మన టీవీల్లో ఎంత ముదిరిందో చూస్తున్నాం కనుక, ఈ నిగ్రహాన్ని నేను చాలా పెద్ద విషయంగా భావిస్తాను.

1937లో రాజకీయ పాఠశాల పెట్టి నిషేధాన్నీ లాఠీలనూ చవిచూసిన కొత్తపట్నం మొదలు చీరాల దాకా ఈ తీరమంతా ఇలాంటి చిత్రాలకు బాకీ పడి ఉంది. చీరాల పక్కనున్న కారంచేడులో గొడవ మంచినీళ్ల చెరువు దగ్గర మొదలైంది. తాగే నీళ్లు పాడుచేయొద్దన్నందుకు కొట్టబోతే, ఒక మాదిగ యువతి చేతిలోని బిందె అడ్డం పెట్టింది. మర్నాడు, 1985 జులై 17న, ఆధిపత్య కులంవాళ్లు మాదిగపల్లె మీద పడి ఆరుగురిని చంపారు. మిగిలినవాళ్లు చీరాలకు పారిపోయి శిబిరంలో తలదాచుకున్నారు. అప్పుడు ఇరవై ఏళ్లున్నవాళ్లకు ఇప్పుడు అరవై దాటింది. ఇంకో పదేళ్లు ఆగితే అడగడానికి ఎవరుంటారు?

అడిగే పద్ధతీ ముఖ్యమే. ఒకసారి పోలీసులకు, ఒకసారి కమిషన్‌కు, ఎన్నోసార్లు విలేకరులకు చెప్పి అలిసిపోయిన మనుషులు వాళ్లు. ఎక్కడ ఆపాలో, ఎవరికి చూపాలో నిర్ణయించే హక్కు వాళ్లకే ఉండాలి. తీసిన ప్రతి నిమిషం కాపీ వాళ్ల చేతికి రావాలి.

దీనికి భారీ బడ్జెట్ అక్కర్లేదు. ముందుగా ఒక చిన్న పని చేయొచ్చు. నిపాణి పొగాకు కార్మిక స్త్రీలతో కలిసి యుగాంతర్ 1982లో తీసిన 'తంబాకు చాకిల ఊబ్ ఆలీ'ని తెలుగు వ్యాఖ్యానంతో ఒంగోలు, టంగుటూరుల్లో పొగాకు గ్రేడింగ్ చేసే అక్కచెల్లెళ్లకు చూపించాలి. తమ కథ ఎలా తీయాలో ఆ తర్వాత వాళ్లనే అడగాలి.