ఏప్రన్ కట్టుకున్న ఆవిడ పేరేమిటి?

మొన్న క్రిస్మస్ సెలవల్లో పిల్లలతో కలిసి 'స్క్రూజ్' చూశాను. 1951 నాటి బ్రిటిష్ సినిమా, డికెన్స్ రాసిన కథ. పిసినారి ముసలాయన రాత్రికి రాత్రే మారిపోయి, తెల్లారేసరికి చిన్నపిల్లాడిలా గంతులేస్తుంటాడు. పనిమనిషి మిసెస్ డిల్బర్ ఆ వాలకం చూసి హడలిపోతుంది. ఏప్రన్ ముఖం మీదికి లాక్కుని, కేకలు పెడుతూ మెట్ల వైపు పరుగెడుతుంది. ఆయన వెంటపడి ఆవిడ చేతిలో గిన్నీ నాణెం పెడతాడు. వారానికి రెండు షిల్లింగులిచ్చే జీతాన్ని పది చేస్తున్నానంటాడు. అంతకుముందు, ఆయన చచ్చిపోయినట్టు కనిపించే దృశ్యంలో ఇదే మనిషి ఆయన మంచం తెరలు పట్టుకెళ్లి పాతసామాన్లవాడికి అమ్ముకుంటుంది. రెండు షిల్లింగులతో బతికే మనిషి అంతకన్నా ఏం చేస్తుందిలే అనిపిస్తుంది మనకి. డైలాగు ఏమీ అక్కర్లేదు, ఆ ముఖం చాలు.

"ఈవిడెవరమ్మా?" అంది మా అమ్మాయి. హీరో పేరు ఠక్కున చెప్పాను, అలస్టేర్ సిమ్ అని. ఆవిడ పేరు మాత్రం నోటికి రాలేదు. టైటిల్స్ మళ్లీ వేసి చూడాల్సి వచ్చింది. కాథ్లీన్ హారిసన్!

ఈవిడ 1892లో ఇంగ్లండులోని బ్లాక్‌బర్న్‌లో పుట్టింది. తండ్రి ఇంజనీరు. చిన్నప్పుడే కుటుంబం లండన్ వచ్చేసింది. అక్కడి పేరున్న నాటక విద్యాలయం రాడాలో చదువుకుంది. అంటే సినిమాల్లో ఆవిడ మాట్లాడే కాక్నీ యాస, అదే లండన్ బీదవాడల యాస, పుట్టుకతో వచ్చింది కాదన్నమాట. రాడాలో 'పిగ్మేలియన్' రిహార్సల్సప్పుడు బెర్నార్డ్ షా ఆవిడతో, ఓల్డ్ కెంట్ రోడ్డుకెళ్లి అక్కడి ఆడవాళ్లు ఎలా మాట్లాడుకుంటారో విని రమ్మన్నాడని చెబుతారు. వెళ్లి, విని, నేర్చుకుంది. ఆ విన్నదే ఆవిడకి జీవితాంతం అన్నం పెట్టింది.

1915లో మూకీ సినిమా 'అవర్ బాయ్స్'లో కనిపించింది. మరుసటి ఏడే పెళ్లి. భర్తతో అర్జెంటీనా, తర్వాత మదీరా దీవులు, సంసారం, పిల్లలు. ఇక్కడితో ఆగిపోయిన కథలు మనకి ఎన్ని తెలుసు! మన ఇళ్లలోనే ఒకటో రెండో ఉంటాయి, డిగ్రీ సర్టిఫికెట్టు బీరువా అడుగున పెట్టేసిన వదినో, పిన్నో. హారిసన్ మాత్రం ఇంగ్లండు తిరిగొచ్చి 1926లో మళ్లీ రంగస్థలం ఎక్కింది. అప్పటికి వయసు 34.

అదృష్టం ఏమిటంటే, సరిగ్గా ఆ తర్వాతే టాకీలొచ్చాయి. మూకీల్లో యాసతో పనేముంది? టాకీల్లో గొంతే సగం వేషం. పైగా తమ దేశపు థియేటర్లలో కొంత వాటా బ్రిటిష్ సినిమాలే ఆడాలని 1927లో అక్కడ చట్టం చేశారు. సినిమాలు బోలెడన్ని తీయడం మొదలెట్టారు, అన్నిటికీ నటులు కావాలి. కానీ ఆ టాకీలు ఒక గీత కూడా గీశాయి. హీరోయిన్ అంటే నాజూకైన పైతరగతి ఇంగ్లీషు మాట్లాడాలి. కాక్నీ యాస వంటింట్లోంచీ, మెట్ల కిందనుంచీ వినిపించాలి, అదీ నవ్వించడానికి. అందుకే హారిసన్‌కి దక్కినవన్నీ వంటమనుషులు, పనిమనుషులు, బీదింటి తల్లులు. 1935లో రంగస్థలం మీద, 1937లో సినిమాగా వచ్చిన 'నైట్ మస్ట్ ఫాల్'లో ఇంటిపని చేసే మిసెస్ టెరెన్స్ ఆవిడే. యుద్ధకాలంలో 'ఇన్ విచ్ వుయ్ సర్వ్'లో నావికుడి తల్లీ ఆవిడే.

నాకు ఒళ్లు మండేది ఎక్కడంటే, ఇలాంటి నటుల్ని మెచ్చుకునేటప్పుడు వాడే మాట దగ్గర. "ఎంత సహజంగా చేసిందో" అంటాం. అంటే ఏం కష్టపడకుండానే వచ్చేసిందనా? ఇంజనీరుగారమ్మాయి వీధుల్లో తిరిగి చెవులు రిక్కించి నేర్చుకున్న విద్య అది. ఇంటిపనిని కూడా ఇలాగే అంటాంగా, ఆడవాళ్లకి సహజంగా వస్తుందని! నిజంగా ఆ వేషాలే ఆవిడ స్వభావమైతే 1948 'ఆలివర్ ట్విస్ట్'లో శవపేటికలవాడి భార్య, ఆ గయ్యాళి మిసెస్ సోవర్‌బెర్రీ ఎక్కణ్ణుంచి వచ్చినట్టు?

1947లో 'హాలిడే క్యాంప్' వచ్చింది. జాక్ వార్నర్ పక్కన మామూలు సంసారి ఎథెల్ హగ్గెట్‌గా వేసింది. జనానికి ఆ కుటుంబం ఎంత నచ్చిందంటే, 1948, 49లలోనే మరో మూడు హగ్గెట్ సినిమాలు తీశారు. 1953 నుంచి 1961 దాకా రేడియోలో కూడా వచ్చారు. యుద్ధం ముగిసినా రేషను కార్డులతో ఈదుతున్న రోజులవి. తెర మీద తమలాంటి గృహిణి కనిపిస్తే అక్కడి ఆడవాళ్లకి ఎలా ఉంటుందో ఊహించుకోవడం కష్టమేం కాదు.

ఇక 1966లో టీవీ సీరియల్, 'మిసెస్ థర్స్‌డే'. యజమాని ఆస్తి, రోల్స్ రాయిస్ కారుతో సహా, ఆయన దగ్గర పనిచేసే మనిషికి వచ్చిపడుతుంది. ఆ పనిమనిషి వేషం హారిసన్‌దే, సీరియల్‌కి పేరూ ఆ పాత్రదే. అప్పటికి ఆవిడకి 74 ఏళ్లు. చూసేవాళ్లకి మాత్రం 68. ఎందుకంటే చాలాకాలం పుట్టిన ఏడు 1898 అనే చెప్పుకుంది. ఆరేళ్లు దాచేసింది!

మా స్నేహితురాలికిది చెబితే నవ్వింది. నాకు నవ్వు రాలేదు. తెర మీద ఏనాడూ అందం అమ్ముకోని మనిషి, ముడతల్నే వేషంగా వేసుకున్న మనిషి, ఆవిడకీ వయసు దాచుకోవాల్సి వచ్చిందంటే ఎవరిని అనాలి? నాకైతే ఇంకోటి కూడా తోస్తోంది. పెళ్లయ్యాక ఇంట్లో గడిచిపోయిన ఏళ్లని పని ఇచ్చేవాళ్లు లెక్కలోకి తీసుకోరు. వాళ్లు లెక్కేయని ఏళ్లని తనూ లెక్కేయనంటే తప్పేముంది!

1995 డిసెంబరులో పోయిందావిడ, 103 ఏళ్లకి. ఆ సినిమా చూసిన రాత్రి మా ఇంట్లో పనిచేసే లక్ష్మి జీతం పెంచి ఎన్నాళ్లయిందో లెక్కేశాను. మూడేళ్లు దాటింది.