చక్రం తిప్పిన ప్రభువు

‘కాసాబ్లాంకా’ (1942) చూసినవారికి హంఫ్రీ బోగార్ట్ గుర్తుంటాడు, ఇన్‌గ్రిడ్ బెర్గ్‌మన్ గుర్తుంటుంది. జూదశాలలో రూలెట్ చక్రం తిప్పే పొట్టి మనిషి మాత్రం గుర్తుండడు. వీసా కొనడానికి డబ్బు చాలక ఓ బల్గేరియన్ కుర్రాడు ఆఖరి టోకెన్లతో కూర్చుంటాడు. 22 మీద పెట్టమంటాడు యజమాని బోగార్ట్. చక్రం దగ్గరి మనిషికి ఆ సైగ చాలు. 22 పడుతుంది. మళ్లీ 22. కుర్రాడి వీసా ఖాయం. ఆ మనిషి పేరు టైటిల్స్‌లో కూడా లేదు.

ఆయన మార్సెల్ దాలియో. 1899లో పారిస్‌లో, రుమేనియా నుంచి వలస వచ్చిన యూదు కుటుంబంలో పుట్టారు. అసలు పేరు ఇజ్రాయెల్ మోషె బ్లౌషీల్డ్. ఇన్‌ఫార్మర్లు, మోసగాళ్ల వేషాలతో నెట్టుకొస్తున్న ఆయనను దర్శకుడు రెన్వార్ పైకి తెచ్చారు (1949లో ‘ది రివర్’ కోసం కలకత్తా వచ్చి సత్యజిత్ రేను ప్రోత్సహించిన రెన్వారే). ‘గ్రాండ్ ఇల్యూజన్’ (1937)లో తిండి పొట్లాలు తోటి ఖైదీలతో పంచుకునే యుద్ధఖైదీ వేషం ఇచ్చారు. ‘రూల్స్ ఆఫ్ ద గేమ్’ (1939)లో ఏకంగా ఫ్రెంచి మార్క్విస్‌ను చేశారు. యూదుడికి ప్రభువు వేషమా అని మండిపడ్డవారున్నారు. థియేటర్లో గోల జరిగింది. యుద్ధం మొదలవగానే ప్రభుత్వం సినిమానే నిషేధించింది.

1940 జూన్‌లో జర్మన్లు పారిస్ చేరేలోపే భార్య, నటి మదలెన్ లెబోతో దాలియో పారిపోయారు. లిస్బన్‌లో ఓడెక్కారు. చేతిలోని చిలీ వీసాలు నకిలీవని తేలి మెక్సికోలో చిక్కుకుపోయారు. చివరికి కెనడా తాత్కాలిక పాస్‌పోర్టులు దొరికి అమెరికా చేరారు. అక్కడ పారిస్‌లో నాజీలు ఆయన ముఖాన్నే పోస్టర్లపై అచ్చేసి, యూదుడంటే ఇలా ఉంటాడని జనానికి చూపించారు. ఆయన తల్లిదండ్రులు నిర్బంధ శిబిరాల్లో చనిపోయారు.

‘కాసాబ్లాంకా’లో ఫ్రెంచి జాతీయగీతం వేళ కన్నీళ్లతో పాడే అమ్మాయి లెబోయే. ఆ ఏడాదే ఇద్దరూ విడిపోయారు.

శరణార్థి ఏ హక్కులు కోల్పోతాడో రాజనీతిశాస్త్రం వివరంగా చెబుతుంది. ఎంత ఎత్తు నుంచి పడతాడో చెప్పదు. పారిస్‌లో మార్క్విస్ అయిన నటుడు హాలీవుడ్‌కు ఎక్కువగా ఫ్రెంచి యాసతో పలికే చిన్న వేషానికే పనికొచ్చాడు. అయినా దాలియో ఏ వేషాన్నీ తేలిగ్గా చేయలేదు. 1955లో ‘కాసాబ్లాంకా’ టీవీ సీరియల్‌గా వచ్చినప్పుడు ఆయనకు పోలీసు కెప్టెన్ పాత్ర దక్కింది. సినిమాలో ఆ కెప్టెన్‌కు జూదం డబ్బు అందించింది ఆయనే!

తర్వాత ఫ్రాన్స్‌లోనూ విరివిగా నటించి, 1983లో కన్నుమూశారు. ముక్కలైపోయిన ‘రూల్స్ ఆఫ్ ద గేమ్’ను 1959లో తిరిగి అతికించారు. అందులో మార్క్విస్ తాను కొత్తగా కొన్న యాంత్రిక వాద్యాన్ని అతిథులకు చూపిస్తాడు. కెమెరా దాని మీదుగా జరిగి ఆయన ముఖం దగ్గర ఆగుతుంది. గర్వం, సిగ్గు, చిన్నపిల్లాడి సంబరం ఒకేసారి కనిపిస్తాయి. మాట ఒక్కటీ లేదు.