వేగుచుక్కకు కొమ్ములు: లూసిఫర్ ప్రతీకపై మదనపల్లె సాక్ష్యం

స్వతంత్రచింతన అనగానే దైవాజ్ఞను ధిక్కరించి పతనమైన దేవదూతను తలచుకోవడం పాశ్చాత్య సాహిత్యవిమర్శకు రెండు శతాబ్దాలుగా ఉన్న అలవాటు. ఆ అలవాటును తెలుగు ధిక్కారసాహిత్యానికి యథాతథంగా వర్తింపజేసే విమర్శకుడు రెండు పొరపాట్లు చేస్తాడు. ఒకటి, లూసిఫర్ అనే పదం చరిత్రను చూడడు. రెండు, ఆ ప్రతీక తెలుగునేలమీద ఒకసారి పరీక్షకు నిలిచిందని, ఆ పరీక్ష మదనపల్లెలో పుట్టిన ఒక బాలుని జీవితంలో జరిగిందని గుర్తించడు. మొదటిది నిఘంటువు తెరిస్తే తీరే లోపం. రెండవది అంత తేలికగా తీరదు.

లూసిఫర్ అంటే లాటిన్‌లో వెలుగును తెచ్చేవాడు, అంటే తెల్లవారుజామున తూర్పున కనిపించే శుక్రగ్రహం. యెషయా గ్రంథం పద్నాలుగవ అధ్యాయంలో బబులోను రాజు పతనాన్ని ఎత్తిపొడుస్తూ వాడిన హీబ్రూ సంబోధనను జెరోమ్ ఈ పదంతో అనువదించాడు. రాజుకు చెప్పిన మాట సైతానుకు పేరుగా మారడం తరువాతి వ్యాఖ్యాతల పని. అదే లాటిన్ అనువాదంలో పేతురు రెండవ పత్రికలో విశ్వాసుల హృదయాలలో ఉదయించే వెలుగుకూ ఈ పదమే ఉంది. తెలుగు బైబిలు అనువాదకులు ఈ రెండుచోట్లా ‘వేకువచుక్క’ అనే వాడారు. చుక్కకు వారు కొమ్ములు తగిలించలేదు. ఆంగ్ల అనువాదంలో లూసిఫర్ అన్నది సంజ్ఞానామమై భయం పుట్టించింది. తెలుగులో అది పల్లెజనం రోజూ చూసే చుక్కగానే మిగిలింది. ఆ పేరును సైతాను పేరుగానే తెలుగులోకి తెచ్చి, ఆపై దానిని జ్ఞానప్రతీకగా ‘ఉద్ధరించే’ విమర్శ, తాను తెచ్చిన మచ్చనే తాను కడుగుతున్నది.

ఈ ఉద్ధరణ దివ్యజ్ఞానసమాజంవారూ చేసినదే. 1887లో బ్లావట్‌స్కీ లండన్‌లో ప్రారంభించిన పత్రిక పేరు ‘లూసిఫర్’. ఆ పేరు సైతానుది కాదనీ, వెలుగును తెచ్చేదానిదనీ ఆమె తొలి సంచికలోనే వాదించింది. 1889 నుంచి అనీబిసెంట్ ఆ పత్రికకు సహసంపాదకురాలు. 1891లో బ్లావట్‌స్కీ మరణించాక పత్రిక బాధ్యత ఆమెపై పడింది. 1897లో పత్రిక పేరు మారింది. ఆ బిసెంటే 1915లో మదనపల్లెలో కళాశాల నెలకొల్పింది. 1919 ఫిబ్రవరిలో రవీంద్రనాథ్ ఠాగూర్ అక్కడ బసచేసి, ‘జనగణమన’ను ఆంగ్లంలోకి అనువదించి ‘భారత ప్రభాతగీతం’ అనే అర్థం వచ్చే పేరు పెట్టాడు. మార్గరెట్ కజిన్స్ దానికి స్వరలిపి కూర్చింది. వెలుగు, ఉదయం, మేల్కొలుపు ఆ ఊరి విద్యాచరిత్రలో కేవలం అలంకారాలు కావు. వాటి వెనుక నిజమైన శ్రమ ఉంది. దానిని తక్కువచేయడం ఈ వ్యాస ఉద్దేశం కాదు.

అయితే వెలుగు తెచ్చేవారికి ఒక జబ్బు ఉంది. తెచ్చిన దీపాన్ని ఎదుటివాని చేతికివ్వరు. మదనపల్లెలో 1895లో పుట్టిన జిడ్డు కృష్ణమూర్తి 1909లో తండ్రి నారాయణయ్య వెంట అడయారు చేరాడు. లెడ్‌బీటర్ ఆ బాలునిలో రాబోయే జగద్గురువును చూశానన్నాడు. 1911లో ఆ బాలుని చుట్టూ తారాసంఘం ఏర్పడింది. చిహ్నం మళ్ళీ తూర్పు నక్షత్రమే. పిల్లలను తనకు అప్పగించమని తండ్రి వ్యాజ్యం వేశాడు. మద్రాసులో తీర్పు ఆయనకు అనుకూలంగా వచ్చింది. 1914లో ప్రివీకౌన్సిల్ దానిని కొట్టివేసింది. ఆ బాలుర ఇష్టాయిష్టాలను విచారించనేలేదన్నది అక్కడ బయటపడిన లోపాలలో ఒకటి. స్వతంత్రచింతన పేరిట సాగిన ఉద్యమంలో, ఆ ఉద్యమానికి కేంద్రమైన పిల్లవాని అభిప్రాయం అడగవలసిన విషయమని గుర్తుచేయడానికి లండన్ న్యాయపీఠం కావలసివచ్చింది. లూసిఫర్‌ను విమోచకునిగా కీర్తించేవారు ఈ వ్యాజ్యాన్ని ఒక్కసారైనా చదవాలి.

1929 ఆగస్టు 3న హాలెండ్‌లోని ఓమెన్‌లో, మూడువేలమందికి పైగా సభ్యుల సమక్షంలో, బిసెంట్ ఎదుటనే, కృష్ణమూర్తి ఆ సంఘాన్ని రద్దుచేశాడు. సత్యానికి దారి వేయలేమని, దానిని సంఘంగా కూర్చలేమని ఆయన వాదసారం. తనకు అనుచరులు వద్దన్నాడు. సంఘానికి వచ్చిన ఆస్తులు దాతలకు తిరిగి వెళ్ళాయి. ‘అతడే అసలైన లూసిఫర్’ అని ఎవరైనా అంటే అది ముచ్చటైన మాటే కాని, వాదం కాదు. ఆయన ధిక్కరించింది దేవుణ్ణి కాదు, వెలుగు తెచ్చేవాడన్న పదవిని. తరువాత ఆయన చుట్టూనూ సంస్థలు, ట్రస్టులు వెలిశాయి. మదనపల్లె దగ్గరి ఋషివ్యాలీ వాటిలో ఒకటి. గురువును వద్దన్నవానిని గురువుగా కొలిచినవారూ లేకపోలేదు. ఈ చిక్కును దాచనక్కరలేదు. ప్రతీక ఎంత ఉదాత్తమైనదైనా దాని చుట్టూ పీఠం పుడుతుందన్న వాదానికి ఇది బలమే చేకూరుస్తుంది.

మిల్టన్ కావ్యాన్ని అడ్డుపెట్టి ఒక ఆక్షేపణ రావచ్చు. 1667లో వెలువడిన ఆ కావ్యంలో సైతాను వాగ్ధాటి ముందు దైవపక్షం వెలవెలబోతుందని బ్లేక్ కాలంనుంచీ చెబుతున్నారు. నిజమే. కాని అదే కావ్యం రెండవ సర్గ తెరవగానే ఆ తిరుగుబాటుదారు నరకంలో సింహాసనంపై కొలువుతీరి కనిపిస్తాడు. సింహాసనాన్ని ధిక్కరించినవానికి మొదట కావలసివచ్చింది సింహాసనమే. ధిక్కారం ఒక్కటే స్వేచ్ఛకు లక్షణమనే విమర్శ ఈ దృశ్యానికి సమాధానం చెప్పాలి.

తెలుగు పాఠకునికి ఇంతకంటె సూక్ష్మమైన కథ పోతన భాగవతం అష్టమస్కంధంలోనే ఉంది. వేగుచుక్క అంటే శుక్రుడు. శుక్రుడు అసురగురువు. పాశ్చాత్యులు పతనమైన దూతకు పెట్టిన పేరుగల గ్రహమే ఇక్కడ దేవతల ప్రత్యర్థులకు విద్య చెప్పింది, మృతసంజీవని నేర్చింది. ఈ పోలికవద్దే ఆగిపోయి సంతోషించే వ్యాసాలకు అసలు ఘట్టం అందదు. వామనునికి దానం ఇవ్వవద్దని శుక్రుడు బలికి హితం చెబుతాడు. రాజనీతి దృష్ట్యా ఆ హితంలో తప్పులేదు. వచ్చినవాడు ఎవడో శుక్రునికి తెలుసు. తెలిసే చెప్పాడు. బలి విన్నాడు, ఆలోచించాడు, కాదన్నాడు. గురువు శపించినా మాట తప్పలేదు. కలశరంధ్రానికి అడ్డుపడిన శుక్రుడు దర్భకొనకు కన్ను పోగొట్టుకున్నాడు. ఈ కథలో స్వతంత్రంగా నిర్ణయించుకున్నవాడు వెలుగుచుక్క కాదు, ఆ చుక్క మాట కాదని దాని ఫలితాన్ని తలపై మోసినవాడు. ఓమెన్ సభలో బిసెంట్ ఎదుట నిలిచిన కృష్ణమూర్తికి లూసిఫర్ కంటె బలి దగ్గరివాడు. ఇద్దరి తత్త్వాలూ ఒకటని దీని అర్థం కాదు. పోలిక ఆ ఒక్క నిర్ణయం వరకే.

త్రిపురనేని రామస్వామి చౌదరి 1920లో శంబూకుని కథను నాటకంగా రాసినప్పుడు కూడా ఎంచుకున్నది సింహాసనం కోరినవానిని కాదు, తపస్సు చేసినందుకు చంపబడినవానిని. తెలుగు హేతువాదం పరాయి ప్రతీకకోసం ఎదురుచూడలేదనడానికి ఈ ఒక్క ఉదాహరణ చాలు.

మదనపల్లెనుంచి పుంగనూరు, పలమనేరు మీదుగా కుప్పం వెళ్ళే దారి పొడుగునా, గడియారాలు లేని రోజుల్లో, రైతు కపిల తోలడానికి లేచింది వేగుచుక్కను చూసే. ఎవరూ దానికి మొక్కుతూ కూర్చోలేదు. చుక్క పొడిచిందంటే ఎద్దులను విప్పే వేళ అయిందని లెక్క. దారి చివర కుప్పంలో మూడు భాషలు కలుస్తాయి. తమిళులు అదే చుక్కను విడివెళ్ళి అంటారు, కన్నడిగులు బెళ్ళి చుక్కి అంటారు. రెండింటిలోనూ ఉన్నది తెలుపు, వెండి. పాపం లేదు, పతనం లేదు. ద్రావిడభాషల తులనాత్మక అధ్యయనంకోసం 1997లో ద్రావిడ విశ్వవిద్యాలయం వెలసింది కూడా ఆ ఊళ్ళోనే. లూసిఫర్‌పై రాయదలచిన తెలుగు పరిశోధకుడు మిల్టన్ వ్యాఖ్యానాలకు ముందు ఆ మూడు పదాల ఆరోపాలు సేకరించవచ్చు. అష్టమస్కంధాన్ని, 1914 తీర్పును పక్కపక్కన పెట్టి చదవవచ్చు. అందుకు కావలసిన ఆధారాలన్నీ ఆ దారిమీదో, దానికి దగ్గరలోనో ఉన్నాయి.