వంతెన కింది మనుషులకు నోటీసు ఎవరిస్తారు?

పెద్దపల్లి జిల్లా ఓడేడుకూ, మానేరు అవతల భూపాలపల్లి జిల్లా గర్మిళ్లపల్లికీ మధ్య వంతెనకు 2016లో శంకుస్థాపన జరిగింది. అంచనా దాదాపు 49 కోట్లు. ఏడాదిలో పూర్తి చేస్తామన్నారు. పని మధ్యలోనే ఆగిపోయింది. 2024 ఏప్రిల్‌లో ఒక రాత్రి ఈదురుగాలి వీస్తే పిల్లర్ల మీది గడ్డర్లు జారి కింద పడ్డాయి. వరదకు కాదు, గాలికి! వాటి కిందనే మట్టిరోడ్డు. పైన వంతెన లేదు కాబట్టి జనానికి అదే తొవ్వ. కాసేపటి ముందే ఒక పెళ్లి బస్సు అటుగా దాటిపోయిందని ఊరివాళ్లు చెప్పారు. ఆ బస్సు కాస్త ఆలస్యమై ఉంటే ఎన్ని ఇళ్లలో చావులయ్యేవో! ఆగస్టులో మరికొన్ని గడ్డర్లు పడ్డాయి. ఏప్రిల్‌లో చూసింది చాలలేదా?

పని వదిలేసిన కాంట్రాక్టరుకు చట్టంలో ఎన్ని దారులున్నాయో చూడండి. బ్లాక్‌లిస్టులో పెట్టాలంటే ముందు అతని వాదన వినాలని సుప్రీంకోర్టు 1974లోనే ఎరూసియన్ ఎక్విప్‌మెంట్ కేసులో చెప్పింది. మంచిదే. ఎవరి పొట్టా వినకుండా కొట్టకూడదు. టెండరులో అన్యాయం జరిగిందనుకుంటే 226వ అధికరణం కింద హైకోర్టులో రిట్ వేయొచ్చు. బిల్లులు రాకపోతే దావా వేయొచ్చు. బిల్లులు ఆగిపోయి, వడ్డీకి తెచ్చిన అప్పుల్లో చిన్న కాంట్రాక్టర్లు మునిగిపోతున్న మాటా నిజమే. మరి గర్మిళ్లపల్లి రైతుకు ఏ దారి ఉంది? పని ఎందుకు ఆగిందో, గడువు ఎందుకు పెంచారో, రీటెండరు ఎప్పుడో అతనికి చెప్పాల్సిన బాధ్యత ఒక్క అధికారికైనా ఉందా?

కాంట్రాక్టర్ల రిజిస్ట్రేషన్లు, టెండర్ల కోసం 2003 జూలై 1న జీవో 94 తెచ్చారు. నిర్మాణంలో లోపం బయటపడితే రెండేళ్లపాటు కాంట్రాక్టరే సొంత ఖర్చుతో బాగుచేయాలన్న నిబంధన ఉంది. కానీ ఆ రెండేళ్లు పని పూర్తయిన రోజు నుంచి లెక్క. పూర్తికాని వంతెనకు ఆ లెక్క మొదలే కాదు! సగంలో వదిలేసిన పనికి ఈ రక్షణ కూడా లేకుండా పోయింది.

రోడ్లు, వంతెనల పనులు ఆలస్యమయ్యేలా ఇంజంక్షన్లు ఇవ్వొద్దని 2018లో స్పెసిఫిక్ రిలీఫ్ చట్టాన్ని సవరించారు. టెండరు వివాదాల్లో స్టేలు ఇచ్చేముందు ఆలోచించాలని 2022లో సుప్రీంకోర్టు కూడా హెచ్చరించింది. కోర్టు ఆపితే ప్రజలకు నష్టమట. ఆఫీసులో ఫైలు ఆగితే నష్టం కాదా?

మేడిగడ్డ బ్యారేజీ పిల్లర్లు 2023 అక్టోబర్ 21న కుంగితే దేశమంతా చూసింది. జడ్జితో కమిషన్ వేశారు. వేయాల్సిందే. కానీ కాగజ్‌నగర్–దహెగాం మధ్య అందెవెల్లి దగ్గర పెద్దవాగు వంతెన 2022లో కుంగి కూలిపోతే ఎంతమంది పట్టించుకున్నారు? నొప్పులు పడుతున్న మనిషిని ఆసుపత్రికి తీసుకుపోవాల్సిన ఇంటికి ఆ వంతెన ఏ బ్యారేజీకన్నా తక్కువ?

ఇకనుంచి వంతెన పని ఆపిన కాంట్రాక్టరుకు ఇచ్చే ప్రతి నోటీసు నకలూ ఆ వంతెన వాడాల్సిన ఊళ్ల గ్రామ పంచాయతీలకు పంపండి. గడువు పెంచేముందు గ్రామసభలో కారణం చెప్పండి. టెండరు కేసు కోర్టుకెక్కితే ఆ ఊళ్లనూ కక్షిదారులుగా చేర్చండి. ఓడేడు వంతెన ఎన్నేళ్లు ఎవరి వల్ల ఆగిందో, ఏ ఇంజనీరు ఏం రాశాడో, ఆ ఫైలు మొత్తం తెచ్చి పంచాయతీ ఆఫీసులో అందరి ముందూ పెట్టండి.