బుల్లితెర వీక్షణం: చూపు పోయినా నిలిచిన చేయి

ఒకప్పుడు సినిమా హాలులో అసలు చిత్రానికి ముందు ఫిలిమ్స్ డివిజన్ వారి డాక్యుమెంటరీని ప్రదర్శించేవారు. ఆ సమయంలో మనలో పలువురం వేరుశనగకాయల కోసం బయటనే నిలిచిపోయేవారమన్నది పాఠకులకు విదితమే. అట్టి ఆణిముత్యం ఒకదానిని గత మాసం మా ఇంట టీవీలో సకుటుంబంగా తిలకించాము. దాని పేరు ‘ది ఇన్నర్ ఐ’, అనగా అంతర్నేత్రం. సత్యజిత్ రాయ్ దర్శకత్వంలో 1972లో రూపొందిన ఈ చిత్రం నిడివి సుమారు ఇరవై నిమిషాలు. ఇందలి కథానాయకుడు శాంతినికేతనానికి చెందిన చిత్రకారుడు బినోద్ బిహారీ ముఖర్జీ.

1904లో జన్మించిన ఆయనకు పుట్టుకతోనే ఒక కంట చూపు లేదు. రెండవ కంటి చూపు అంతంతమాత్రం. అయినను 1919లో కళాభవన్‌లో చేరి, నందలాల్ బోస్ శిష్యులై, అనంతరం అక్కడే అధ్యాపకులైనారు. 1940 దశకం తొలినాళ్లలో ఆయన వద్ద నేర్చినవారిలో రాయ్ ఒకరు. కనుక ఈ చిత్రం ఒక విధంగా గురుదక్షిణయే.

1946-47లలో ఆయన శాంతినికేతన్‌లోని హిందీ భవన్ గోడలపై మధ్యయుగ భక్తుల జీవితాలను చిత్రించారు. కబీరు, తులసీదాసు, సూరదాసు మొదలగువారు మూడు గోడల పైభాగాన మనకు దర్శనమిస్తారు. వీరిలో సూరదాసు అంధుడని లోకప్రసిద్ధి. మరి పదేళ్లకు అటూ ఇటూగా, కంటి శస్త్రచికిత్స విఫలమై, ఆ బొమ్మ వేసిన చిత్రకారుడే పూర్తిగా చూపు కోల్పోయినాడు.

ఇక్కడ మరొక దర్శకుడైతే మన కంట నీరు పెట్టించి ఉండేవాడు. రాయ్ మాత్రం తన గురువు పని చేయుచుండగా చూపినాడు. నల్ల కళ్లద్దాలు ధరించిన ఆ వృద్ధుడు తడిమి తడిమి రూపాలు కూర్చుతాడు, గీతలు గీస్తాడు. అంధత్వం వచ్చిన పిమ్మట ఆయన కళాభవన్‌కు తిరిగివచ్చి పాఠాలు చెప్పారు. కాగితాలు కత్తిరించి చిత్రాలు అతికించారు. 1972లో అక్కడి గోడపై పింగాణీ పలకలతో ఒక భారీ కుడ్యచిత్రాన్నే రూపొందించారు. చివరన నిఖిల్ బెనర్జీ సితార్‌పై అసావరి రాగం వినిపిస్తుండగా చిత్రం ముగుస్తుంది.

మా తండ్రిగారు ముప్పది రెండేళ్లు ఫిట్టరుగా పనిచేసి పదవీ విరమణ చేసినవారు. నీటికాసుల వ్యాధితో ఆరేళ్ల క్రితం ఆయనకు చూపు పోయింది. చేతికి గాయమగునేమోనన్న భయంతో ఆయన పనిముట్ల పెట్టెను అటక మీదికి చేర్చినవాడను నేనే. “మీరు కూర్చోండి నాన్నగారూ” అని రోజూ అనేవాడను. ఆయన కూర్చున్నారు.

ఆ సాయంకాలం వ్యాఖ్యానాన్ని నేను తెలుగులో చెబుతూంటే ఆయన మౌనంగా విన్నారు. పింగాణీ పలకల ఘట్టం రాగానే, “ఏ పలక ఎక్కడ ఉండాలో చెప్పేది ఎవరురా?” అని అడిగారు.

“ఆయనే నాన్నగారూ.”

“అలాగా” అని మాత్రం అన్నారు.

మరునాడు పెట్టెను దించి ఆయన ముందు ఉంచాను. ఒక్కొక్క స్పానరును వేళ్లతో తడుముతూ, దాని సైజు చెబుతూ, వరుసలో పేర్చారు. పదునాలుగో నంబరుది కనిపించడం లేదని నన్ను మందలించారు కూడా. ఆ ఆదివారం మా పెరటి కుళాయి కారడం ఆగింది. ఆరేళ్లుగా మేము దయ అనుకున్నది ఆయనకు శిక్ష అయినదని అప్పటికి గాని నాకు తెలియలేదు.

మనలో అనేకుల ఇండ్లలో ఇటువంటి పెద్దలున్నారు. వారిని ప్రక్కన కూర్చుండబెట్టుకొని ఈ చిత్రాన్ని చూడవలసినదిగా నా మనవి. పిదప అటక మీది పెట్టెను ఒకసారి దించండి.