ఒళ్ళు వచ్చే బిళ్ళలు

ఆత్రేయపురం పేరు చెప్పగానే ఎవరికైనా పూతరేకు గుర్తుకు వస్తుంది. 2023లో దానికి భౌగోళిక గుర్తింపు కూడ లభించినది. నేతికీ బెల్లానికీ కొదువలేని ఈ సీమలో సైతం గాలి వీస్తే పడిపోవునట్లున్న విద్యార్థులు కనబడుచునే ఉన్నారు. "రోజూ నాలుగు పూతరేకులు తిను" అని పెద్దలు అందురు. అందువలన పెరుగునది కొవ్వే గాని కండ కాదు. అయినను అది రుచికరమైన పొరపాటు. మందుల దుకాణమునకు పోయి, వైద్యుని చీటీ లేకుండ "ఒళ్ళు వచ్చే బిళ్ళలు" తెచ్చుకొనుట అట్టిది కాదు.

ఆ బిళ్ళలలో తరచుగా ఉండునది సైప్రోహెప్టడిన్. అది అలర్జీ మందు. ఆకలి పుట్టించును, దానితోపాటు మగతనూ తెచ్చును. పరీక్షలకు చదువుకొను వానికి ఇంతకన్న ఏమి కావలెను! రెండవది డెక్సామెథసోన్ అను స్టెరాయిడ్. బుగ్గలు నిండును, ఆ నిండినది నీరు, కొవ్వు. లోలోపల కండ కరగును, ఎముక గుల్లబారును, రక్తములో చక్కెర పెరుగును, రోగనిరోధక శక్తి తగ్గును. వారాల తరబడి మ్రింగి, హఠాత్తుగా మానివేసినను ప్రాణాపాయమే.

సన్నదనము కొందరికి వంశలక్షణము, కొందరికి రోగలక్షణము. 1895లో భీమవరమున జన్మించిన యల్లాప్రగడ సుబ్బారావుగారి సోదరులిద్దరు స్ప్రూ వ్యాధితో మరణించిరి. ఆయనకూ అదే వ్యాధి సోకినది. స్ప్రూ వచ్చినవాని ప్రేగు ఆహారసారమును గ్రహింపలేదు. వానికి విందు పెట్టినను ఒంట పట్టదు. 1945లో అమెరికాలో సుబ్బారావుగారి బృందము కృత్రిమముగా తయారుచేసిన ఫోలిక్ ఆమ్లము ఆ వ్యాధికి మందైనది. క్షయ, మధుమేహము, థైరాయిడ్ ఉద్రేకము, నులిపురుగులు, మనోవ్యాకులత - వీనిలో ఏది కారణమో తెలియక టానిక్కు త్రాగి ఏమి లాభము?

170 సెంటీమీటర్ల ఎత్తు గలవాడు సుమారు 53 కిలోలకు తగ్గినచో, లేదా ఎవరైనను అకారణముగా చిక్కిపోవుచున్నచో, వైద్యుని చూడవలెను. క్షయ పరీక్ష ప్రభుత్వ వైద్యశాలలో ఉచితము. రోగము లేదని తేలినవారు రోజుకు 300 నుండి 500 కెలోరీలు అదనముగా - గ్రుడ్డు, పప్పు, వేరుసెనగ, పాలు - తిని, వ్యాయామము చేసినచో వారమునకు పావు కిలో, అర కిలో పెరుగుదురు. అంతకన్న తొందర అనవసరము. మిక్కిలి శుష్కించినవారికి మాత్రము ఒక్కసారిగా ఎక్కువ తినిపించుట ప్రమాదకరము. అది వైద్యుని పర్యవేక్షణలోనే జరుగవలెను.

కళాశాల కమిటీ వారికి ఒక మనవి. క్రీడాసామగ్రికి చేయు ఖర్చులో ఒక తూకపు యంత్రము కొనవచ్చును. ఏటికి రెండుమార్లు విద్యార్థుల ఎత్తు, బరువు గోప్యముగా నమోదు చేయించి, తగ్గినవారిని ప్రాథమిక ఆరోగ్య కేంద్రమునకు పంపుడు. బాలికల బరువు అధ్యాపకురాలే చూడవలెను. ఆ పుస్తకము సూచనల పలక మీద మాత్రము అంటించవద్దు.